గేటు బయటి విద్యార్థి

అమెరికా టీవీ మొదట్లో చూపించిన కాలేజీ క్యాంపస్ ఒకటి. మన బొగ్గుబాయి క్వార్టర్ల దాకా వచ్చిన క్యాంపస్ ఇంకొకటి. రెంటి మధ్యలో జారిపోయింది మన సింగరేణి ఊరు మందమర్రి పిల్లల కథే.

హాంక్ డియర్‌బోర్న్‌కు తల్లిదండ్రులు లేరు. చెల్లెల్ని సాకాలి కాబట్టి హైస్కూలు మధ్యలోనే చదువు మానేశాడు. కాలేజీలో చదవాలని మాత్రం ప్రాణం కొట్టుకుంటుంది. ఫీజుకు డబ్బు లేదు, చేరడానికి సర్టిఫికెట్ లేదు. వెస్టర్న్ స్టేట్ అనే యూనివర్సిటీ క్యాంపస్‌లోనే చిన్నాచితకా పనులు వెతుక్కున్నాడు. ఏ రోజు ఏ విద్యార్థి క్లాసుకు రావడం లేదో కనుక్కుని, వాడి పేరుతో వాడి సీట్లో కూర్చుని పాఠం వినేవాడు. హాజరు పిలిస్తే వేరేవాడి పేరుకు పలికేవాడు. రిజిస్ట్రారు డాక్టర్ రాయల్‌కు ఈ దొంగ విద్యార్థిని పట్టుకోవడమే పట్టుదల. హాంక్ మనసుపడ్డ అమ్మాయి ఆ రిజిస్ట్రారు కూతురే.

1965లో అమెరికాలో ఎన్‌బీసీ ప్రసారం చేసిన 'హాంక్' సీరియల్ కథ ఇది. డిక్ కాల్‌మన్ హీరో. నవ్వించడానికి తీసిందే, ఒక్క సీజన్‌తో ముగిసిపోయింది. అయితే ఆ రోజుల్లో ఆగిపోయే సీరియళ్లు కథను ఎక్కడికక్కడ వదిలేసి పోయేవి. దీన్ని తీసినవాళ్లు అలా చేయలేదు. చివరి ఎపిసోడ్‌లో హాంక్ పరీక్ష రాసి, తన సొంత పేరుతో, నిజమైన విద్యార్థిగా యూనివర్సిటీలో చేరతాడు. అక్కడితో కథ అయిపోతుంది.

ఈ కథ మందమర్రిలో ఏ కార్మిక వాడలో చెప్పినా ఎవరికీ విడమరచి చెప్పక్కర్లేదు. తండ్రి గనిలో పోయినా, మెడికల్ బోర్డు అన్‌ఫిట్ అన్నా ఇంటర్ చదివే కొడుకు పుస్తకం మూసేసి మస్టరు పడటం ఇక్కడ తరాలుగా నడిచింది. వెనకాల చెల్లెళ్లుంటారు, పెళ్లి చేయాలి. తమ్ముడుంటాడు, చదివించాలి. ఇక్కడి కల్యాణిఖని గనుల్లోకి దిగినవాళ్లలో ఇలా చదువు ఒడ్డున వదిలేసి దిగినవాళ్లు ఎందరో. వాళ్లను ఎవరూ హీరోలుగా పెట్టి సీరియల్ తీయలేదు. తీయొచ్చని ఎవరికీ తోచలేదు. అమెరికాలో అరవై ఏళ్ల కిందటే ఒక నెట్‌వర్కుకు తోచింది. అమెరికా క్యాంపస్ కథలంటే పార్టీలు, ప్రేమలు, పచ్చిక బయళ్లు అనుకునే మనం ఈ సంగతి తెలుసుకోవాలి.

మొదటి క్యాంపస్‌లు

టీవీకి కాలేజీ మీద అంత ఆసక్తి ఎందుకు పుట్టింది? రెండో ప్రపంచ యుద్ధం ముగియబోతుండగా 1944లో అమెరికా జీఐ బిల్లు అనే చట్టం చేసింది. యుద్ధం నుంచి వచ్చిన సైనికుడు చదువుకుంటానంటే ఫీజు, ఖర్చులు ప్రభుత్వానివి. సుమారు 22 లక్షల మంది ఆ చట్టం అండతో కాలేజీల్లో చేరారు. 1947లో కాలేజీ ప్రవేశాల్లో దాదాపు సగం వాళ్లవే. రైతు కొడుకు, ఫ్యాక్టరీ కార్మికుడి కొడుకు, ఇంట్లో మొట్టమొదట కాలేజీ మెట్లెక్కినవాడు. అంతకుముందు డబ్బున్నవాళ్ల సొంతమనుకున్న చోటు అది. ఆ కుటుంబాలే కొత్తగా టీవీ సెట్లు కొంటున్నాయి. తమ పిల్లలు వెళ్లే చోటు ఎలా ఉంటుందో చూడాలనుకునే ప్రేక్షకులు అలా తయారయ్యారు.

తొలి సీరియళ్లలో చెప్పుకోదగ్గది 'ది హాల్స్ ఆఫ్ ఐవీ'. 1950లో రేడియో నాటకంగా మొదలై, 1954లో సీబీఎస్ టీవీకి వచ్చింది. డాన్ క్విన్ సృష్టి. సినిమాల్లో వెలిగిన రోనాల్డ్ కోల్‌మన్ కాలేజీ అధ్యక్షుడు డాక్టర్ హాల్‌గా, ఆయన నిజజీవితపు భార్య బెనిటా హ్యూమ్ తెర మీద కూడా భార్యగా నటించారు. కథంతా ఐవీ అనే చిన్న ఊళ్లోని చిన్న కాలేజీ చుట్టూ తిరుగుతుంది. అధ్యక్షుడికి పాలకమండలితో పేచీలు, విద్యార్థులతో మాటామంతీ. ఒక కాలేజీని నడపడంలో ఎన్ని సర్దుబాట్లు ఉంటాయో, దాత మాట కాదంటే ఏమవుతుందో మర్యాదగా, మంచి సంభాషణలతో చెప్పింది. ఒకే సీజన్ నడిచింది.

1959లో వచ్చిన 'ది మెనీ లవ్స్ ఆఫ్ డోబీ గిల్లిస్' కుర్రకారు కథ. మాక్స్ షుల్మన్ రాసిన కథల ఆధారంగా తీశారు. డోబీ తండ్రి కిరాణా కొట్టు నడుపుతాడు. కొడుకు కొట్లో కూర్చోడు, పార్కులో ఆలోచనామగ్నుడి శిల్పం ముందు కూర్చుని ప్రేక్షకులతో తన బాధలు చెప్పుకుంటాడు. హైస్కూలు, సైన్యం అయ్యాక జూనియర్ కాలేజీలో చేరతాడు. అందమైన అమ్మాయిలంతా డబ్బున్నవాళ్ల వైపు చూడటం, ఇతగాడి జేబు ఎప్పుడూ ఖాళీగా ఉండటం ఈ సీరియల్ నిండా కనిపిస్తుంది. నవ్వుల మధ్యలో డబ్బు సంగతి మరుగున పడలేదు.

అదే ఏడాది జనవరిలో సీబీఎస్‌లో 'కాలేజ్ బౌల్' మొదలైంది. ఇందులో నటులు లేరు, నిజమైన విద్యార్థులే. ఒక్కో కాలేజీ నుంచి నలుగురు, ఎదురుగా ఇంకో కాలేజీ నలుగురు, బజరు, ప్రశ్న. గెలిచిన కాలేజీకి స్కాలర్‌షిప్ నిధి. రేడియోలో 1953 నుంచే ఉన్న ఈ పోటీని టీవీలో అలెన్ లడెన్ నడిపించాడు. అప్పటిదాకా కాలేజీ పేరు టీవీలో మోగేది ఫుట్‌బాల్ వల్లే. చదివిన బుర్రకు కూడా చప్పట్లు పడతాయని ఈ కార్యక్రమం చూపించింది.

1966లో జరిగిన ఒక పోటీ గురించి కొంచెం ఆగి చెప్పాలి. ఒకవైపు ప్రిన్స్‌టన్, అమెరికాలో పేరు చెబితే లేచి నిలబడే యూనివర్సిటీ. ఎదురుగా జార్జియా రాష్ట్రంలోని ఆగ్నెస్ స్కాట్ అనే చిన్న మహిళా కాలేజీ. నలుగురు అమ్మాయిల్లో ఒకరికి చూపు లేదు. ఆట ముగియడానికి క్షణాలున్నాయి, ప్రిన్స్‌టన్ ముందుంది. చివరి ప్రశ్నకు బజరు నొక్కింది ఆగ్నెస్ స్కాట్ జట్టు. జవాబు సరైంది. 220, 215. ఐదు మార్కుల తేడాతో చిన్న కాలేజీ గెలిచింది. నటుల్ని పెట్టి తీసిన ఏ కాలేజీ సీరియల్లోనూ ఇంత నాటకం లేదని నా అభిప్రాయం.

కెమెరా గేటు దగ్గర నిలబడ్డ రోజు

అమెరికా క్యాంపస్ టీవీలో కనిపించిన తీరును చెప్పేటప్పుడు సీరియళ్లతో ఆపేస్తే అన్యాయం. ఆ కాలంలో క్యాంపస్ కనిపించిన అన్నిటికంటే పెద్ద దృశ్యం వార్తల్లోనే వచ్చింది.

1963 జూన్ 11. అలబామా యూనివర్సిటీలో ఫాస్టర్ ఆడిటోరియం గుమ్మం. రాష్ట్ర గవర్నర్ జార్జ్ వాలెస్ ఆ గుమ్మానికి అడ్డంగా నిలబడ్డాడు. వివియన్ మలోన్, జేమ్స్ హుడ్ అనే ఇద్దరు నల్లజాతి విద్యార్థులు లోపలికి వెళ్లి పేర్లు నమోదు చేసుకోవాలి. కోర్టు ఆదేశం ఉంది. కేంద్రం తరఫున నికొలస్ కాట్జెన్‌బాక్ వచ్చి తప్పుకొమ్మన్నాడు. గవర్నర్ తప్పుకోలేదు, కెమెరాల ముందు ప్రకటన చదివాడు. చివరికి కేంద్రం అధీనంలోకి తీసుకున్న నేషనల్ గార్డు వచ్చాక పక్కకు జరిగాడు. ఆ ఇద్దరూ ఆ రోజే యూనివర్సిటీలో చేరారు. రాత్రికి అధ్యక్షుడు కెన్నెడీ పౌరహక్కుల మీద టీవీలో జాతినుద్దేశించి మాట్లాడాడు. వివియన్ మలోన్ 1965లో పట్టా తీసుకుంది, ఆ యూనివర్సిటీలో పట్టా అందుకున్న మొదటి నల్లజాతి విద్యార్థి ఆమె.

అమెరికా ఇళ్లలో అందరూ చూసిన క్యాంపస్ అది. తలుపు దగ్గర ఎవరు నిలబడ్డారు, ఎవర్ని ఆపారు అన్నది కళ్లారా చూశారు. దానికి రెండేళ్ల తర్వాత హాంక్ అదే తలుపును ఇంకో దారిన దాటడానికి వచ్చాడు. హాంక్ తెల్లవాడు, అతణ్ని ఆపింది పేదరికం. ఆ సీరియల్ జాతి వివక్ష జోలికి పోలేదు. అది దాని లోటే.

ఆ లోటు తీరడానికి 1987 దాకా ఆగాల్సి వచ్చింది. ఈలోగా 1978లో 'ది పేపర్ చేజ్' వచ్చింది. న్యాయశాస్త్రం చదివే హార్ట్ అనే కుర్రాడు, అతణ్ని క్లాసులో నిలబెట్టి ప్రశ్నలతో చెమటలు పట్టించే ప్రొఫెసర్ కింగ్స్‌ఫీల్డ్. సినిమాలో అదే పాత్రకు ఆస్కార్ అందుకున్న జాన్ హౌస్‌మన్ టీవీలోనూ వేశాడు. చదువంటే రాత్రుళ్లు మేలుకోవడం, మరునాడు అందరి ముందు జవాబు తెలియక నిలబడటం అని చూపించిన అరుదైన సీరియల్. సీబీఎస్‌లో ఒక్క ఏడాదికే ఆపేశారు.

'ఎ డిఫరెంట్ వరల్డ్' 1987 సెప్టెంబరులో ఎన్‌బీసీలో మొదలై 1993 దాకా నడిచింది. హిల్‌మన్ అనే కల్పిత నల్లజాతి కాలేజీ దీనికి రంగస్థలం. మొదటి సీజన్ తడబడింది. రెండో సీజన్ నుంచి డెబ్బీ అలెన్ పగ్గాలు పట్టుకున్నాక దాని నడకే మారింది. ఆమె వాషింగ్టన్‌లోని హోవర్డ్ యూనివర్సిటీలో చదివిన మనిషి, అలాంటి క్యాంపస్ లోపల ఏముంటుందో తెలుసు. ఎయిడ్స్, జాతి వివక్ష, 1992 లాస్ ఏంజిలిస్ అల్లర్లు, అన్నీ కథల్లోకి వచ్చాయి. ఆ క్యాంపస్ చూసి ఆ కాలేజీలకే వెళ్లాలనుకున్న పిల్లలు ఒక తరం ఉన్నారు.

ఆ హోవర్డ్‌లోనే తర్వాత మన శేఖర్ కమ్ముల సినిమా చదివారు. తిరిగొచ్చి 2000లో తీసిన మొదటి సినిమా 'డాలర్ డ్రీమ్స్'. అమెరికా వెళ్లాలా, ఇక్కడే ఉండాలా అని కొట్టుకులాడే హైదరాబాద్ కుర్రాళ్ల కథ. 2007లో 'హ్యాపీ డేస్' వచ్చింది. ఇంజినీరింగ్ నాలుగేళ్లను తెలుగువాళ్లు ఆ సినిమా తర్వాతే ఒక కథగా చూశారు. ఇష్టంగా చూశాం కూడా. కానీ ఆ సినిమాలో ఫీజు కట్టలేక సతమతమయ్యే తండ్రి మనకు పెద్దగా తగలడు.

క్వార్టరులోకి వచ్చిన టీవీ

ఇక్కడి సంగతికి వద్దాం. అమెరికా వాళ్లు డోబీ గిల్లిస్ చూస్తున్న రోజుల్లో తెలుగునాట టీవీ అన్నదే లేదు. హైదరాబాద్ దూరదర్శన్ కేంద్రం మొదలైంది 1977లో. 1982లో జాతీయ కార్యక్రమం, కలర్ ప్రసారం వచ్చాయి. 1984 ప్రాంతంలో చిన్న ట్రాన్స్‌మిటర్లు ఊరూరా వెలిశాకే మన వైపు డాబాల మీద యాంటెన్నాలు మొలిచాయి. బొగ్గుబాయి ఊళ్లు ఈ విషయంలో చుట్టుపక్కల పల్లెలకంటే ముందున్నాయి. నెలనెలా జీతం వస్తుంది, క్వార్టరుకు కరెంటు ఉంటుంది.

1984 ఆగస్టు 15న యూజీసీ 'కంట్రీవైడ్ క్లాస్‌రూమ్' మొదలైంది. మధ్యాహ్నం పూట వచ్చేది. హైదరాబాద్‌లో ఉస్మానియా యూనివర్సిటీ, ఇంగ్లిష్, విదేశీ భాషల సంస్థ సీఫెల్‌ల కేంద్రాలు కూడా దానికి కార్యక్రమాలు తయారు చేశాయి. విదేశాల్లో తీసినవీ అందులో వచ్చేవి. ఆ వేళకు సింగరేణి క్వార్టరు ఎలా ఉంటుందో ఈ ఊళ్లో పెరిగినవాళ్లకు తెలుసు. మొదటి షిఫ్టు మనిషి ఇంకా ఇల్లు చేరలేదు. నైట్ షిఫ్టు మనిషి లోపలి గదిలో దుప్పటి కప్పుకుని పడుకున్నాడు. ఆయన నిద్ర చెడకూడదు కాబట్టి టీవీ సౌండు తగ్గించాలి. ముందు గదిలో నేల మీద కూర్చున్న పిల్లలు తెర మీద కదిలే పెదవుల్ని చూస్తారు. ఇంగ్లిష్ ఎలాగూ సగమే అర్థమవుతుంది. అద్దాల గోడల ప్రయోగశాల, గోడలా పేర్చిన పుస్తకాలు, బోర్డు ముందు చొక్కా చేతులు మడిచిన ప్రొఫెసర్. మన పిల్లలకు పరాయి దేశపు యూనివర్సిటీ మొదట కనిపించింది ఇలా, పాఠంగానే. దాన్ని చిన్నచూపు చూడొద్దు.

1985లో సిద్ధార్థ బసు 'క్విజ్ టైమ్' వచ్చింది. కాలేజీ జట్ల మధ్య పోటీ. అమెరికా 'కాలేజ్ బౌల్' నమూనాతో బ్రిటన్‌లో 1962లో 'యూనివర్సిటీ చాలెంజ్' పుట్టింది, మన క్విజ్ టైమ్‌దీ అదే వంశం. ఆగ్నెస్ స్కాట్ అమ్మాయిల బజరు చప్పుడు అలా చుట్టూ తిరిగి మన ఇళ్లలో వినిపించింది. కాకపోతే ఆ తెర మీద మన పక్క జిల్లాల ప్రభుత్వ డిగ్రీ కాలేజీ జట్టు కూర్చుంటుందని ఎవరూ ఊహించలేదు.

1991 తర్వాత కేబుల్ వచ్చింది, స్టార్ టీవీ వచ్చింది. అమెరికాలోనూ కాలం మారింది. 1993లో 'బెవర్లీ హిల్స్ 90210' పాత్రలు హైస్కూలు దాటి కాలేజీలో చేరాయి. ఖరీదైన కార్లు, సముద్రం, ప్రేమలు, తగువులు. ఫీజు ఎవరు కడుతున్నారన్న ప్రశ్న తెర మీద నుంచి మాయమైంది. ఆ రంగులే 1998లో 'కుఛ్ కుఛ్ హోతా హై' కాలేజీగా మన దగ్గరికి వచ్చాయి. బాస్కెట్‌బాల్, బ్రాండ్ల చొక్కాలు, పాఠం చెప్పే పంతులు కంటే అందంగా ఉండే వరండాలు. అంతకు తొమ్మిదేళ్ల ముందు రామ్‌గోపాల్ వర్మ 'శివ'లో మన తెలుగు కాలేజీ కనిపించింది. సైకిల్ చైను, రౌడీలు, యూనియన్ ఎన్నికలు. కోల్‌బెల్టు కుర్రాళ్లకు శివ కాలేజీ పక్క వీధిలా తోచింది. హిందీ సినిమా కాలేజీ కలలా తోచింది. కష్టపడి చదువుకునే కాలేజీ ఈ రెంటిలోనూ లేదు.

హాంక్ మన దాకా రాలేదు. పేపర్ చేజ్ హార్ట్ రాలేదు. హిల్‌మన్ విద్యార్థులు రాలేదు. మనకు ఎవరి కథ దగ్గరిదో వాళ్లే రాలేదు. నా బాధ అదే.

ఇప్పుడు వెళ్లేవాళ్లు

సింగరేణిలో 1990ల మొదట్లో లక్షకు పైగా కార్మికులుండేవారు. ఇప్పుడు నలభై వేల చుట్టూ ఉన్నారు. బొగ్గు తగ్గలేదు, పెరిగింది. ఓపెన్‌కాస్టులు, యంత్రాలు వచ్చాయి. తండ్రి కొలువు కొడుక్కి వచ్చే దారి తొంభైల చివర్లో మూసుకుపోయి, 2018 నుంచి కారుణ్య నియామకాలుగా మళ్లీ తెరుచుకుంది. ఆ మధ్య ఇరవై ఏళ్లలో పెరిగిన పిల్లలకు బాయి దిక్కు చూడొద్దని ఇళ్లలోనే చెప్పారు. ఫీజు రీయింబర్స్‌మెంట్‌తో ఇంజినీరింగ్, తర్వాత అమెరికాలో ఎంఎస్. బెల్లంపల్లి నుంచి మంచిర్యాల దాకా ఏ కాలనీలో అడిగినా ఒక పిల్లవాడో, పిల్లో అక్కడ ఉంటారు.

2023-24లో అమెరికాలో చదువుతున్న భారతీయ విద్యార్థులు 3,31,602 మంది. చైనాను దాటి మొదటి స్థానం మనది. వాళ్లలో 56 శాతం మంది రెండు తెలుగు రాష్ట్రాల వాళ్లేనని, తెలంగాణ ఒక్కటే 34 శాతమని హైదరాబాద్‌లోని అమెరికన్ కాన్సులేట్ చెప్పింది. అంటే అమెరికా క్యాంపస్‌లలోని భారతీయ విద్యార్థుల్లో సగానికి పైగా తెలుగు పిల్లలే.

వాళ్ల బతుకు తెర మీద ఎక్కడుంది? ఎఫ్-1 వీసా మీద వెళ్లిన విద్యార్థి సెమిస్టరు నడిచే రోజుల్లో వారానికి ఇరవై గంటలకు మించి పని చేయకూడదు. అదీ మామూలుగా క్యాంపస్ లోపలే. లైబ్రరీ కౌంటరు, డైనింగ్ హాలు, ల్యాబు. ఆ ఉద్యోగాలు అందరికీ దొరకవు. దొరకనివాళ్లు ఏం చేస్తారో, ఎంత భయంతో చేస్తారో మన ఇళ్లలో ఫోన్లలో గుసగుసగా చెప్పుకుంటారు. ఇక్కడ తండ్రి పీఎఫ్ మీద అప్పు తీసి ఉంటాడు, లేదా బ్యాంకు లోనుకు సంతకం పెట్టి ఉంటాడు. రూపాయి పడిపోయినప్పుడల్లా ఆయనకు లెక్క మారుతుంది. అక్కడి నుంచి వచ్చే ఫొటోలో మాత్రం పచ్చిక, ఎర్ర ఇటుకల భవనం, మంచు. పిల్లలు అబద్ధం చెబుతున్నారని కాదు. అమ్మానాన్నల మనసు కష్టపెట్టొద్దని మంచి ఫొటోలే పంపుతారు. అటువైపు తెర, ఇటువైపు తెర రెండూ ఒకే క్యాంపస్ చూపిస్తుంటే నిజం చెప్పేవాళ్లెవరు?

మన తెర ఏమీ చేయలేదని అనను. 1987లోనే జంధ్యాల 'పడమటి సంధ్యారాగం' అమెరికాలో తీశారు. అక్కడికి వలస వెళ్లిన తెలుగు ఇంటిని చూపించారు. 2023లో వచ్చిన 'దసరా' బొగ్గు బస్తీని తెర నిండా చూపించింది. అదే ఏడాది 'బలగం' మన భాషలో మన ఇంటి కథ చెబితే రాష్ట్రమంతా కూర్చుని చూసింది. అమెరికా ఇల్లు తెలుగు తెరకు కొత్త కాదు, బొగ్గు కొత్త కాదు, మన యాస కొత్త కాదు. బొగ్గుబాయి కార్మికుడి బిడ్డ అమెరికా క్యాంపస్‌లో తొలి సెమిస్టరు గడిపే కథే ఇంకా రావాలి.

వారానికి ఇరవై గంటల లెక్క, ప్రొఫెసర్ ముందు ఇంగ్లిష్‌లో తడబాటు, పంచుకున్న గదిలో వంట వంతు, మందమర్రిలో రాత్రి షిఫ్టుకు పోతున్న నాన్నకు అక్కడి పొద్దున పూట చేసే ఫోను. సీరియల్‌కు కావలసిన సరంజామా అంతా ఉంది. కొత్తగా కల్పించాల్సింది తక్కువ.

తెలుగు ఓటీటీల్లో, చానెళ్లలో కథలు ఎంచుకునేవాళ్లకు ఒక విన్నపం. హైదరాబాద్ ఐటీ ఆఫీసుల నుంచి ఒకసారి మంచిర్యాల జిల్లా దాకా రండి. ఈ క్వార్టర్లలో కూర్చుని తల్లిదండ్రులతో మాట్లాడండి. అక్కడ చదువుతున్న పిల్లలకు కూడా ఒక మాట: మీ తొలి ఏడాది ఎలా గడిచిందో రాయండి, రికార్డు చేయండి, దాచకండి. మీ తర్వాత వీసా క్యూలో నిలబడబోయే తమ్ముళ్లకు, చెల్లెళ్లకు అది కావాలి.